కృతికన్య కాని మణి: టోల్కీన్ సిల్మరిల్ కథలో నిర్మాత, స్వామ్యం, ప్రతిజ్ఞ

మహిమ గల మణి చుట్టూ అల్లుకొన్న కథ తెలుగు పాఠకులకు కొత్తది కాదు. వినాయక చవితినాడు అక్షతలు చేతబట్టుకొని వినే శమంతకోపాఖ్యానం మొదలుకొని, పసిబిడ్డ మధురలాలసకు పూర్వజన్మస్మృతి కలిగించిన కళాపూర్ణోదయంలోని హారం దాకా ఈ వస్తువు మన కథాసాహిత్యంలో పలు రూపాల్లో కనిపిస్తుంది. ఈ పరిచయమే ఒక్కోసారి చదువరిని తొందరపెడుతుంది. ఆంగ్ల రచయిత జె.ఆర్.ఆర్. టోల్కీన్ (1892-1973) కల్పించిన ‘ఆర్దా’ అనే లోకంలోని మూడు సిల్మరిల్ మణుల కథను చూడగానే, దివ్యరత్నం, దానికోసం కలహం, చేపట్టినవారికి చేటు అనే మూడు లక్షణాలను గుర్తించి దాన్ని ‘శాపగ్రస్త రత్నం’ అనే కథాంశం కింద చేర్చడం సులభం. ఆ వర్గీకరణ కథల పట్టిక తయారు చేసేవారికి పనికిరావచ్చు. కావ్యపఠనానికి మాత్రం చాలదు. సిల్మరిల్‌ను ఎవరూ శపించలేదు. పైగా దాన్ని పవిత్రీకరించారు. ఆ కథలో కీడు మణిలోనుంచి పుట్టదు, మణిని చేసినవాడి మనసులోనుంచి పుడుతుంది. అందువల్ల దీన్ని మణి కథగా కంటే ఒక నిర్మాత కథగా చదవడం న్యాయం. అలా చదవడానికి తెలుగు ప్రబంధ సంప్రదాయంలోని ‘కృతికన్య’ అనే భావన, అది ఆ రచనకు పూర్తిగా పరాయిదే అయినా, ఎంతో ఉపకరిస్తుంది.

‘ది సిల్మరిలియన్’ రచయిత మరణానంతరం 1977లో వెలువడింది. కుమారుడు క్రిస్టఫర్ టోల్కీన్ వివిధ కాలాల రాతప్రతులనుంచి దాన్ని సంకలనం చేశాడు. ఆ రాతప్రతుల చరిత్రను తర్వాత 1983-1996 మధ్య పన్నెండు సంపుటాల్లో ఆయనే ప్రకటించాడు. దానివల్ల తెలిసే ముఖ్యమైన విషయం ఒకటి ఉంది. 1916-17 ప్రాంతంలో మొదలైన తొలి కథల్లో సిల్మరిల్‌లు ఉన్నాయి గాని వాటికి కేంద్రస్థానం లేదు. దశాబ్దాల పునర్లేఖనంలో ఆ మణులు కథాచక్రపు ఇరుసుగా మారాయి, చివరకు గ్రంథానికి పేరూ ఇచ్చాయి. ఇది ఒక అలంకారవస్తువు క్రమంగా ఇతివృత్తంగా ఎదిగిన వైనం. రచయిత ఏదో ప్రశ్నకు ఆ వస్తువులో నెలవు కనుగొన్నాడని దీన్నిబట్టి ఊహించవచ్చు.

ఆ మణుల పుట్టుక ఇది. సూర్యచంద్రులు ఇంకా లేని కాలంలో, దేవతాతుల్యులైన వలార్‌లు నివసించే వాలినోర్‌లో రెండు వృక్షాలు లోకానికి వెలుగునిస్తుంటాయి. టెల్పెరియోన్‌ది వెండి వెలుగు, లారెలిన్‌ది బంగారు వెలుగు. ఎల్ఫుల్లో విద్యాప్రియులైన నోల్దోర్ తెగలో ఫెయానోర్ శిల్పులందరిలోకి మేటి. ఆ రెండు వెలుగుల కలయికను అతడు ఒక స్ఫటికంవంటి పదార్థంలో నిలిపి మూడు మణులు చేస్తాడు. ఆ పదార్థం పేరు ‘సిలిమా’. అది వజ్రం కన్న గట్టిది. దేనితో చేశాడో అతనికి తప్ప ఎవరికీ తెలియదు. ఆ స్ఫటికం మణికి దేహం మాత్రమే, వెలుగు దాని ప్రాణం అని రచయిత సూచిస్తాడు. నక్షత్రాధిదేవత వార్దా వాటిని పవిత్రీకరించినందువల్ల మలినమైన చేయి ఏది తాకినా కాలిపోతుంది. ఆర్దా భవితవ్యమంతా, భూమి, సముద్రం, ఆకాశం మూడూ వాటిలో ఇమిడి ఉన్నాయని మాండోస్ జోస్యం చెబుతాడు.

ఇక్కడ గమనించవలసినది ఆ మణులకు లేని లక్షణం. అవి బంగారం ఈనవు, కోరికలు తీర్చవు, ధరించినవాణ్ణి అదృశ్యుణ్ణి చేయవు, శత్రువును జయింపజేయవు. వెలుగునిస్తాయి, అంతే. అపవిత్రుణ్ణి దహించడమొకటే వాటి చేత అనదగినది. అద్భుతకథల్లో మణికి సాధారణంగా ఉండే ‘ప్రయోజనం’ ఇక్కడ దాదాపు శూన్యం. శమంతకంతో పోలిస్తే ఇది స్పష్టమవుతుంది. పోతన భాగవతం దశమస్కంధంలో సత్రాజిత్తుకు సూర్యుడిచ్చిన మణి దినానికి ఎనిమిది బారువుల బంగారం ఈనుతుంది. దాన్ని యదురాజుకు ఇమ్మని కృష్ణుడు అడగడంలోనూ, సత్రాజిత్తు ఇవ్వకపోవడంలోనూ ఆ బంగారానికి పాత్ర ఉంది. అది కోశాగారానికి సంబంధించిన కలహం. సిల్మరిల్ విషయంలో అలాంటి లెక్క ఏదీ చెప్పడానికి వీలులేదు. దాన్ని కోరేవాడు దానితో ఏం చేస్తాడు అన్న ప్రశ్నకు సమాధానం లేదు. చూస్తాడు, దాచుకొంటాడు.

రెండో భేదం ఇంకా ముఖ్యమైనది. మన కథల్లో మహిమాన్వితమైన మణి తరచుగా దొరికేదీ, లభించేదీ. సూర్యుని ప్రసాదం, సముద్రగర్భం, సర్పఫణం దాని జన్మస్థానాలు. అది వరప్రసాదం కాబట్టి దాని స్వామ్యం ఎప్పుడూ తాత్కాలికమే. శమంతకం చేతులు మారే తీరు చూడండి. సూర్యునినుంచి సత్రాజిత్తుకు, అతని తమ్ముడు ప్రసేనునికి, సింహానికి, జాంబవంతునికి, అతని బిడ్డ ఆటవస్తువుగా ఊయలకు, కృష్ణునికి, తిరిగి సత్రాజిత్తుకు, శతధన్వునికి, అక్రూరునికి. కృష్ణుడు రెండుసార్లు చేతిదాకా వచ్చిన మణిని తన దగ్గర ఉంచుకోడు. సత్యభామతోపాటు మామ ఇచ్చినదాన్ని తిరిగి ఇస్తాడు. చివర బంధువుల ఎదుట చూపించి అక్రూరునికే అప్పగిస్తాడు. అతనికి కావలసింది మణి కాదు, నీలాపనింద తొలగడం. కథ సామాజికమైన సర్దుబాటుతో ముగుస్తుంది. సిల్మరిల్ అలా కాదు, అది చేసిన వస్తువు. చేసినవాడు ఉన్నాడు, అతనికి పేరుంది, వంశముంది, గర్వముంది. పారితోషికంగా వచ్చిన మణిని దాచుకొన్న సత్రాజిత్తు లోభి అయితే, తాను చేసిన మణిని దాచుకొన్న ఫెయానోర్‌ను అదే మాటతో తీసిపారేయడం కష్టం. ఆ కష్టంలోనే కావ్యం ఉంది.

టోల్కీన్ ఇక్కడ ఒక సూక్ష్మమైన మెలిక పెట్టాడు. మణి స్ఫటికం ఫెయానోర్‌ది, వెలుగు అతనిది కాదు. అది వృక్షాలది. కాలక్రమేణా ఫెయానోర్ ఆ సంగతి మరవడం మొదలుపెడతాడు. మహోత్సవాల్లో నుదుట ధరించి వెలిగిన మణులు తర్వాత కోశాగారంలో చేరుతాయి. తండ్రికీ, ఏడుగురు కొడుకులకూ తప్ప ఇతరులకు వాటిని చూపడానికి అతనికి మనసొప్పదు. పతనం ఇక్కడే మొదలవుతుంది, దొంగతనంతో కాదు. 1951లో ప్రచురణకర్త మిల్టన్ వాల్డ్‌మన్‌కు రాసిన దీర్ఘలేఖలో ఎల్ఫుల పతనానికి ఈ మణుల పట్ల ఫెయానోర్, అతని కొడుకుల స్వామ్యబుద్ధినే కారణంగా రచయిత చెప్పుకొన్నాడు. మనిషి చేసే సృష్టి మూలసృష్టికి అనుసృష్టి మాత్రమే అన్నది ఆయన కావ్యసిద్ధాంతం. 1939లో ఉపన్యాసంగా ఇచ్చి 1947లో ప్రకటించిన వ్యాసంలో దాన్ని విపులీకరించాడు. ఆ సిద్ధాంతానికి సిల్మరిల్ కథ ఉదాహరణ అని తరచుగా అంటారు. ఉదాహరణ అనడం కన్న పరీక్ష అనడం మేలు. ఎందుకంటే అనుసృష్టి ఎంత ఉత్తమంగా ఉంటే నిర్మాతకు అంత ప్రమాదమని కథ చెబుతుంది, వ్యాసం ఆ ప్రమాదాన్ని అంతగా పట్టించుకోదు.

ఈ ఘట్టంలో కృతికన్య భావన అక్కరకు వస్తుంది. మన అవతారికల్లో కావ్యం కవికి కూతురు. ఆమెను పెంచడం తండ్రి వంతు, కృతిభర్త చేతిలో పెట్టడం కూడా తండ్రి వంతే. ఇంట్లో ఉంచుకోవడానికి కన్న కూతురు కాదు. కృతి రచించడం, కృతి ఇవ్వడం ఒకే క్రియకు రెండు దశలు. రెండోది లేకుంటే మొదటిది అసంపూర్ణం. ఈ సంప్రదాయంలో కృతికి సప్తసంతానాల్లో స్థానం ఉంది. మనుచరిత్ర అవతారికలో పెద్దనను కృతి అడిగే సందర్భంలో కృష్ణదేవరాయలు ఆ ఏడింటిలో చెడకుండా నిలిచేది కృతి ఒక్కటే అన్న అభిప్రాయం వెలిబుచ్చుతాడు. ఆ ఏడింటిలోనే నిధినిక్షేపం కూడా ఒకటని గుర్తుచేసుకొంటే ఫెయానోర్ చేసిన పని స్వరూపం తేటపడుతుంది. అతడు కృతిని నిక్షేపంగా మార్చాడు. ఒక సంతానాన్ని మరొక సంతానంగా పాతిపెట్టాడు.

అయితే కృతిసమర్పణను మరీ ఆదర్శీకరించడం తగదు. అగ్రహారాలు, కనకాభిషేకాలు, గండపెండేరాలు ఉన్న వ్యవస్థలో ‘కన్యాదానం’ ఎంత, విక్రయం ఎంత అన్న శంక మన సంప్రదాయంలోనే ఉంది. పోతన భాగవతాన్ని రాజులకు గాక రాముడికి అంకితం చేయడం ఆ శంకకు సమాధానం. ఆ శంక టోల్కీన్‌లో కూడా మరోచోట కనిపించడం ఆసక్తికరం. థింగోల్ రాజు తన కూతురు లూథియన్‌ను పెళ్లాడాలంటే మోర్గొత్ కిరీటంనుంచి ఒక సిల్మరిల్ తెమ్మని బెరెన్‌కు షరతు పెడతాడు. ఎల్ఫు రాజులు కూతుళ్లను చేతితో చేసిన రాళ్లకు ఇంత చవకగా అమ్ముకొంటారా అని బెరెన్ నవ్వుతాడు. కన్యాశుల్కం అన్న మాట వినగానే తెలుగువాడికి నాటకం గుర్తుకొస్తుంది గాని ఇక్కడ గుర్తుంచుకోవలసింది వేరు. కన్యనూ మణినీ ఒకే తక్కెడలో పెట్టిన క్షణంనుంచి థింగోల్ రాజ్యం ఈ కథాచక్రంలోకి లాగబడుతుంది. చివరకు ఆ మణిని హారంలో పొదగడానికి వచ్చిన మరుగుజ్జు కమసాలుల చేతిలోనే అతడు హతుడవుతాడు.

గ్రంథం మొత్తంలో అత్యంత సంక్లిష్టమైన ఘట్టం వృక్షాల మరణం తర్వాతిది. మెల్కోర్, సాలెపురుగు రూపంలోని ఉంగోలియాంట్ కలిసి వృక్షాలను చంపుతారు. చీకటి కమ్ముతుంది. వృక్షాల వెలుగు ఇక సిల్మరిల్‌లలో మాత్రమే మిగిలింది. ఆ వెలుగులో కొంచెం లభిస్తే వేళ్లు పూర్తిగా ఎండిపోకముందే వృక్షాలను బతికించగలనని వృక్షదేవత యవన్నా అంటుంది. అంటే మణులను పగలగొట్టాలి. ఫెయానోర్ వెంటనే బదులు చెప్పడు. తొందరపెట్టబోయినవారిని ఆపినవాడు ఔలే. అతడు దేవతల్లో శిల్పి. మీరనుకొంటున్నదానికన్న పెద్ద కోరిక ఇది అన్న భావంతో అతడు మాట్లాడడం యాదృచ్ఛికం కాదు. పూర్వం ఔలే అనుమతి లేకుండా మరుగుజ్జు జాతిని తయారుచేశాడు. సృష్టికర్త ఇలూవతార్ ప్రశ్నించగానే కన్నీళ్లతో సుత్తి ఎత్తి తన కృతిని తానే నాశనం చేయబోయాడు. ఎత్తిన సుత్తి చూసి ఇలూవతార్ ఆ కృతిని స్వీకరించి వాటికి ప్రాణం నిలిపాడు. ఇవ్వడానికి సిద్ధపడ్డ నిర్మాతకు కృతి దక్కింది. ఫెయానోర్‌ను అర్థం చేసుకోగలవాడు ఆ సభలో అతనొక్కడే.

ఫెయానోర్ నిరాకరిస్తాడు. కొన్ని పనులు చేసినవాడికి ఒక్కసారే సాధ్యం, అవి పగిలితే తన గుండె పగులుతుంది అన్నది అతని వాదం. దీనికి ఎదురువాదం లేదు. కళాకారుడిగా అతడు చెప్పింది నిజం. యవన్నా కూడా తన వృక్షాలను రెండోసారి సృష్టించలేనని అంతకుముందే ఒప్పుకొంది. ఇద్దరు నిర్మాతలు, ఇద్దరికీ పునరావృతి లేని కృతులు, ఒకరిది బతకాలంటే మరొకరిది చావాలి. ఈ సంకటాన్ని రచయిత ఎటూ తేల్చక, అంతలోనే వార్తాహరులను ప్రవేశపెడతాడు. మెల్కోర్ అప్పటికే ఫెయానోర్ తండ్రి ఫిన్వేను చంపి మణులను ఎత్తుకుపోయాడు. అంటే ఫెయానోర్ సరే అని ఉన్నా మణులు లేవు, వృక్షాలు బతకవు. లౌకికంగా ఆ జవాబుకు విలువ లేదు. అయినా అతడు మొదట సరే అని ఉంటే తర్వాతి అతని చేష్టలు వేరుగా ఉండేవేమో అని కథకుడు అంటాడు. దానఫలం వస్తువులో గాక సంకల్పంలో ఉందన్న ధర్మశాస్త్రపు మాట తెలిసినవారికి ఈ వాక్యం వెంటనే పట్టుబడుతుంది. ధార పోసే నీళ్లు చేతిలో ఉన్నాయా అన్నదే ప్రశ్న.

ఆ నిరాకరణకు రచయిత ఎక్కడా నేరుగా తీర్పు చెప్పడు. తీర్పును మరో దృశ్యంలో దాచాడు. దానిమీద విమర్శకుల దృష్టి పడవలసినంత పడలేదనిపిస్తుంది. మెల్కోర్‌ను వెంటాడడానికి నోల్దోర్‌లకు ఓడలు కావాలి. సముద్రతీరవాసులైన టెలెరి ఎల్ఫుల దగ్గర హంసల ఆకారంలోని తెల్లని ఓడలున్నాయి. ఫెయానోర్ అడుగుతాడు. వారి రాజు ఒల్వే నిరాకరిస్తూ, నోల్దోర్‌లకు మణులెలాంటివో తమకు ఈ ఓడలలాంటివని, అలాంటివి మళ్లీ చేయలేమని అంటాడు. అది అక్షరాలా ఫెయానోర్ వాదమే. కొంతసేపటి క్రితం దేవతల ఎదుట తాను పలికిన మాట ఇప్పుడు ఎదుటివాడి నోట వినిపించినా అతడు గుర్తించడు. కత్తి దూస్తాడు. ఆల్క్వలోండే రేవులో ఎల్ఫులు ఎల్ఫులను చంపిన తొలి హత్యాకాండ జరుగుతుంది. ఓడలు వశమవుతాయి. సముద్రం దాటాక లోస్గార్ తీరంలో వాటిని ఫెయానోర్ తగలబెట్టిస్తాడు. మళ్లీ చేయలేని కృతులు బూడిదవుతాయి. తన కృతి ఒక్కటే అనన్యమని భావించిన నిర్మాతకు ఇతరుల కృతి సాధనం మాత్రమే. స్వామ్యబుద్ధి తొలుత చంపేది రసజ్ఞతను.

ఇక ప్రతిజ్ఞ. తండ్రి మరణవార్త విన్న ఫెయానోర్, ఏడుగురు కొడుకులు కలిసి ఇలూవతార్ పేరుమీద ఒట్టు పెడతారు. సిల్మరిల్‌ను పట్టుకొన్నవారు దేవతలైనా, ఎల్ఫులైనా, ఇంకా పుట్టని మనుషులైనా వెంటాడతామని, తప్పితే శాశ్వతాంధకారం తమను మింగాలని. తెలుగు పాఠకుడి సంస్కారం ఇక్కడ కొంత చిక్కు తెస్తుంది. గౌరన ద్విపదలో ఆలుబిడ్డలను అమ్ముకొన్న హరిశ్చంద్రుడి కథ మీద పెరిగిన మనసుకు, ఆడినమాట తప్పనివాడు పూజ్యుడు. ఆ దృష్టితో మైధ్రోస్, మాగ్లోర్ సోదరుల పట్టుదల వీరగాథలా తోచే ప్రమాదముంది. టోల్కీన్ దృష్టి దీనికి విరుద్ధం. ఇక్కడ మాట నిలుపుకోవడమే పాపం. భీష్మప్రతిజ్ఞతో పోల్చడం కొంత దగ్గర, ఎందుకంటే భీష్ముడి మాట కూడా వంశనాశనం దాకా నడిచింది. కాని భీష్ముడు రాజ్యాన్ని, సంసారాన్ని వదులుకొంటానని ఒట్టు పెట్టాడు. ఫెయానోర్ వంశం వదలబోమని ఒట్టు పెట్టింది. ఒకటి త్యాగప్రతిజ్ఞ, మరొకటి స్వామ్యప్రతిజ్ఞ. హరిశ్చంద్రుడి సత్యం ఒక్కొక్కటిగా అన్నింటినీ ఇచ్చివేస్తుంది. వీరి సత్యం ఇతరుల దగ్గరనుంచి అన్నింటినీ లాగుకొంటుంది. రెంటినీ ‘సత్యవాక్పాలన’ అనే ఒకే మాటతో పిలవడంలోని అసౌకర్యాన్ని ఈ పోలిక బయటపెడుతుంది. అది మన పురాణకథల పఠనానికి కూడా ఉపయోగపడే అసౌకర్యమే.

లెక్క చూస్తే ఈ ప్రతిజ్ఞ వ్యర్థత భయంకరంగా కనిపిస్తుంది. మణులను దొంగిలించిన మోర్గొత్ మీద పెట్టిన ఒట్టు ఇది. ఫెయానోర్ మోర్గొత్ సేనాని చేతి గాయాలతో చస్తాడు. కొడుకుల్లో ఒక్కడూ శత్రువు చేతిలో చావడు. ముగ్గురు డోరియాత్‌లో, ఇద్దరు సిరియన్ రేవుల్లో, తోటి ఎల్ఫుల మీదికి మణి కోసం పోయి మరణిస్తారు. మిగిలినవారు మైధ్రోస్, మాగ్లోర్. మోర్గొత్ పతనానంతరం కిరీటంలోని రెండు మణులు దేవసేనాని ఎయోన్వే శిబిరంలో ఉండగా ఈ ఇద్దరి మధ్య జరిగే సంవాదం గ్రంథానికి నైతికశిఖరం. ఇలూవతార్ పేర పెట్టిన ఒట్టునుంచి విడిపించేవారెవరని మైధ్రోస్ అడుగుతాడు. విడిపించేవారు లేకుంటే నిలుపుకొన్నా తప్పినా చీకటే గతి, తప్పడంలో కీడు తక్కువ అన్నది మాగ్లోర్ తర్కం. తర్కంలో తమ్ముడు గెలుస్తాడు, కార్యంలో అన్నమాట చెల్లుతుంది. కాపలావారిని చంపి ఇద్దరూ చెరొక మణిని తీసుకొంటారు. చేతులు కాలుతాయి. పుత్రహక్కు చెల్లిపోయిందని ఆ మంట చెబుతుంది. మైధ్రోస్ మణితోసహా అగ్నిగర్భంలో దూకుతాడు. మాగ్లోర్ తన మణిని సముద్రంలోకి విసిరి తీరాల వెంట పాడుకొంటూ తిరుగుతాడు.

ఇవ్వనని పట్టుబట్టిన కృతి ఇలా భూమికీ, సముద్రానికీ దక్కింది. మూడోదాని నడక భిన్నం. బెరెన్, లూథియన్ తెచ్చిన మణిని చివరి రోజుల్లో లూథియన్ ధరించినప్పుడు ఆమె ఉన్న ద్వీపం వాలినోర్ ఛాయలా భాసించిందని కథ. మణిని సంపాదించడానికి చేతినే పోగొట్టుకొన్నవాడి భార్య ఆమె. వారి చేతుల్లో అది ధనం కాలేదు. వారి మనుమరాలు ఎల్వింగ్ దానితో సముద్రంలో దూకుతుంది, ఆమె భర్త ఎయారెండిల్ దాన్ని నుదుట కట్టుకొని దేవతల సహాయం అర్థించడానికి నిషిద్ధతీరం చేరుతాడు. తనకోసం కాక ఎల్ఫులు, మనుషులు అనే రెండు జాతుల కోసం అడిగినవాడు అతడు. ఆ మణి ఆకాశంలో నక్షత్రమవుతుంది. అందరికీ కనిపిస్తుంది, ఎవరికీ అందదు. మణి ఒకటి పంచబడాలంటే దాన్ని పగలగొట్టాలన్న యవన్నా కాలపు సంకటం ఇక్కడ మరోవిధంగా విడిపోయింది.

ఈ నిర్మాత కథ రాసినవాడికీ ఆ గుణం లేకపోలేదు. 1937లో ప్రచురణకర్తలకు పంపి, తిరిగివచ్చిన ఈ రచనను టోల్కీన్ జీవితాంతం తిద్దుతూనే ఉండిపోయాడు. చివరకు లోకానికి ఇచ్చింది కొడుకే. ఒక ఆకును చిత్రించడంలోనే కాలమంతా గడిపిన చిత్రకారుడి కథను 1945లో ఆయనే ప్రకటించాడు. ఫెయానోర్ పట్ల కథనంలో కనబడే జాలికి ఇది ఒక కారణమని ఊహించడం అనుచితం కాదు, నిరూపించడం అసాధ్యం.

సిల్మరిల్ వెలుగు చివరిసారి మనకు కనిపించేది ‘ది లార్డ్ ఆఫ్ ద రింగ్స్’ (1954-55)లో. ఎయారెండిల్ నక్షత్రపు కాంతిని గలాద్రియెల్ తన నీటి ఊటలో పట్టి, చిన్న స్ఫటికపు బుడ్డిలో నింపి ఫ్రోడోకు కానుకగా ఇస్తుంది. ఆమె ఫెయానోర్ తమ్ముడి కూతురు, అదే వంశం. షీలోబ్ గుహలో ఆ బుడ్డి ఫ్రోడో చేతిలోనూ, తర్వాత శామ్ చేతిలోనూ వెలుగుతుంది. షీలోబ్ ఉంగోలియాంట్ సంతానం. వృక్షాల వెలుగు తాగినదాని బిడ్డ ఎదుట అదే వెలుగు, ఒక తోటమాలి చేతిలో.